మన చరిత్రలో ‘మన’ ఎవరు?

‘మనకు తెలియని మన చరిత్ర’ అనే పుస్తకం 1986లో స్త్రీశక్తి సంఘటన పేరుతో వెలువడింది. తెలంగాణా రైతాంగ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీలను వెతుక్కుంటూ పోయి, వారి చేత వారి బతుకులు చెప్పించి, టేపు మీద పట్టి, ఎత్తి రాసి అచ్చు వేసిన పుస్తకం అది. దాన్ని మెచ్చుకున్నవారు చాలామంది ఉన్నారు, మెచ్చుకోవటం న్యాయమే. అంతకుముందు మన పోరాట సాహిత్యంలో స్త్రీ అయితే వీరమాత, లేకపోతే దళానికి అన్నం మూట మోసుకుపోయే చెల్లెలు. ఆ పుస్తకంలో ఆమె తన నోటితో తాను ఆకలి గురించి, కాన్పు గురించి, పార్టీలో మగవాళ్ళ ధోరణి గురించి మాట్లాడింది. పోరాటం విరమించాక ‘ఇక ఇళ్ళకు పొండి’ అంటే ఏ ఇంటికి పోవాలని నిలదీసింది. అభ్యుదయ సాహిత్యంలో చాలా పుస్తకాలు చెయ్యలేని పని అది చేసింది.

నేనిప్పుడు ఆ పుస్తకాన్ని మళ్ళీ మెచ్చుకోవటానికి కూర్చోలేదు. దాని పేరులో ఒక చిన్న మాట రెండుసార్లు వస్తుంది. ‘మన’ అనే మాట. ఆ మాట నన్ను కొంతకాలంగా నిలవనీయటం లేదు.

మనకు తెలియని చరిత్ర అన్నారు. ఎవరికి తెలియదు? చిట్యాల ఐలమ్మకు తెలియదా? కౌలు భూమిలో తాను పండించిన పంట మీదికి విసునూరు దేశముఖు మనుషులను పంపిస్తే, సంఘం అండతో ఆ ధాన్యాన్ని ఇంటికి చేర్చుకున్న మనిషి ఆమె. ఆమెకు ఆ చరిత్ర తెలియకపోవటమేమిటి? ఆమె ఇరుగుపొరుగుకు తెలుసు, పాలకుర్తికంతకూ తెలుసు. తెలియనిది అడగబోయినవారికి. హైదరాబాదులో చదువుకుని, పాఠాలు చెబుతూ, వైద్యం చేస్తూ ఉన్న స్త్రీలకు. కనక మొదటి ‘మన’ అడిగినవారిది. రెండవ ‘మన’ మాత్రం చెప్పినవారిని కూడా కలుపుకుంటున్నది: ఆ చరిత్ర మాది కూడా, మనందరిదీ అంటున్నది. ఒకే వాక్యంలో ఆ చిన్న మాట ఒకసారి విడదీసి, ఒకసారి కలిపింది. ఈ రెంటి మధ్య ఉన్న దూరాన్ని ఎవరు నడిచారు, ఎంత నడిచారు అన్నదే నా ప్రశ్న.

ఇదే పుస్తకం 1989లో ఇంగ్లీషులోకి పోయినప్పుడు దాని పేరు మారింది. ‘వుయ్ వర్ మేకింగ్ హిస్టరీ’ అన్నారు; మేము చరిత్రను తయారు చేస్తూ ఉన్నాము అని. ఇందులో ‘మేము’ ఎవరో అనుమానం లేదు. పోరాడినవారే. తెలుగు పేరులో మాట్లాడేది పరిశోధకురాలు, ఇంగ్లీషు పేరులో మాట్లాడేది పోరాడిన స్త్రీ. పల్లెటూరి స్త్రీకి ఎన్నటికీ అందని భాషలో ఆమెను కర్తగా నిలబెట్టి, ఆమె భాషలో మాత్రం కర్తృత్వాన్ని అడిగినవారు అట్టిపెట్టుకున్నారు. కావాలని చేశారని నేను అనటం లేదు. కాని పేర్లు పెట్టేటప్పుడు మనిషి మనసులో ఉన్న సంబంధం తెలియకుండానే బయటపడుతుంది.

ఈ మధ్య విశ్వవిద్యాలయాలలోనూ స్వచ్ఛంద సంస్థలలోనూ ‘భాగస్వామ్య పరిశోధన’ అనే మాట బాగా చెలామణీలోకి వచ్చింది. పరిశోధకులూ, ప్రజలూ సమాన భాగస్వాములుగా పని చెయ్యాలని దాని అర్థం. ప్రజలను ‘సముదాయం’ అంటారు. మాట కొత్తది కాని, విషయం మనకు కొత్త కాదు. 1880లో మార్క్సు ఫ్రెంచి కార్మికుల కోసం సుమారు నూరు ప్రశ్నలతో ఒక పత్రం తయారు చేశాడు. పని గంటలెన్ని, కూలి ఎంత, యంత్రాల దగ్గర రక్షణ ఏమిటి అని అందులో అడిగాడు. తమ కష్టాలను పూర్తి ఎరుకతో వర్ణించగలవారు కార్మికులేనని ఆయన నమ్మకం. పత్రం వేలకొద్దీ పంచారు. జవాబులు మాత్రం బహుకొద్దిగా వచ్చాయి. మావో 1930లోనే పరిశీలన చెయ్యనివాడికి మాట్లాడే హక్కు లేదన్నాడు. అంచేత ప్రజలను అడగాలన్న సూత్రం దగ్గర మనకెవరికీ తగాదా లేదు. తగాదా అంతా అడిగిన తరువాత వస్తుంది. చెప్పిన మాట ఎక్కడికి పోతుంది? ఎవరి పేరు మీద పోతుంది? పోయినది తిరిగి వస్తుందా?

ఈ ప్రశ్న నాకు పుస్తకాలలో తట్టలేదు. బచ్చన్నపేటలో ఒక ముసలమ్మ అడిగితే తట్టింది.

బచ్చన్నపేట ఇప్పుడు జనగామ జిల్లాలో మండల కేంద్రం. 2016కు ముందు వరంగల్ జిల్లాలో ఉండేది. పోరాటకాలంలో జనగామ తాలూకా నల్లగొండ జిల్లాలో ఉండేది. ఊరు కదలలేదు, జిల్లాలే దాని మీదుగా నడిచి పోయాయి. కరువు సీమ. చెరువు నిండితే వరి, నిండకపోతే హైదరాబాదుకు వలస. అటువంటి ఊరికి సర్వేలు కొరవ కాదు. కరువు సర్వే, బోర్ల సర్వే, పత్తి సర్వే, వలస సర్వే. నేను కొందరు విద్యార్థులను వెంటబెట్టుకుని పెద్దల జ్ఞాపకాలు సేకరించే పని మీద పోయాను. మా దగ్గర కూడా ప్రశ్నపత్రం ఉన్నది. ఒక వాకిట్లో వేపచెట్టు కింద కూర్చుని ఉన్న అవ్వను పలకరిస్తే ఆమె మా చేతుల్లోని కాగితాలను చూసింది.

‘‘మొన్నొచ్చినోళ్లు గూడ గిట్లనే రాస్కపోయిండ్రు సారూ. రాసింది ఏమైంది?’’ అన్నది.

ఎవరు వచ్చారో, ఏం రాసుకున్నారో మాకు తెలియదన్నాను. ‘‘మరి మీరు రాసేది గూడ గట్లనే పోతది గదా’’ అన్నది. ఆమె గొంతులో కోపం లేదు. ధర అడుగుతున్న మనిషిలాగా అడిగింది.

ఆనాటికి ప్రశ్నపత్రం మూసేశాం. నా సంచిలో ‘మనకు తెలియని మన చరిత్ర’ ఉన్నది. మాటకు మాట వచ్చి, ఐలమ్మ చెప్పిన భాగం బయటికి చదివాను. నలుగురైదుగురు ఆడవాళ్ళు చేరారు. పాలకుర్తి వాళ్ళకు పరాయి ఊరు కాదు, ఐలమ్మ పరాయి మనిషి కాదు. మధ్య మధ్య ‘ఔ, గట్లనే ఉండె’ అంటూ విన్నారు. అంతా అయిన తరువాత ఇంకొక స్త్రీ, బీడీలు చుడుతూ కూర్చున్న ఆమె, నేను ఊహించని ప్రశ్న వేసింది: ‘‘గిదంత ఆమె చెప్పింది, మంచిగున్నది. అడిగినోళ్లు ఏమడిగిండ్రు? గా ఊర్లె ఎన్నొద్దులున్నరు?’’

నేను పుస్తకం తిరగేశాను. చెప్పటానికి నా దగ్గర ఏమీ లేదు.

ఆ పుస్తకంలో కథనాలు చాలావరకు ఏకధారగా సాగుతాయి. చెప్పే స్త్రీ గొంతు మనకు నేరుగా వినిపిస్తున్నట్టుంటుంది. చదివేవాడికి అదే దాని బలం. కాని ఏ మనిషీ తన జీవితాన్ని అట్లా ఏకధారగా చెప్పదు. అడిగితే చెబుతుంది, ఒక ప్రశ్నకు తలుపు తీస్తుంది, ఇంకొక ప్రశ్నకు మూస్తుంది. ప్రశ్నలు వెనక్కి పోయినప్పుడు ఆ తలుపులు కూడా కనబడకుండా పోతాయి. సంకలనం చేసిన స్త్రీలు తాము నగరవాసులమనీ, చదువుకున్నవాళ్ళమనీ, తమ స్త్రీ ఉద్యమానికి పూర్వీకులను వెతుక్కుంటూ వచ్చామనీ దాచలేదు. ఆ నిజాయితీకి విలువ ఇవ్వాలి. మన విమర్శకులలో ఎందరు తాము ఎక్కడ నిలబడి మాట్లాడుతున్నారో చెబుతారు? అయినా ఉపోద్ఘాతంలో ఒప్పుకున్న అసమానత కథనంలోకి వచ్చేసరికి అదృశ్యమయింది. బచ్చన్నపేటలో బీడీలు చుట్టే స్త్రీకి కథ వినగానే కావలసి వచ్చింది సరిగ్గా ఆ అదృశ్యమైన భాగమే.

కర్త పేరు సంగతి కూడా చూడండి. కె. లలిత, వసంత కన్నబిరాన్, రమా మెల్కోటే, ఉమామహేశ్వరి, సూసీ తారు, వీణా శత్రుఘ్న ఈ పని చేసినవారు. ఎవరి పేరుకు వారు పేరు తెచ్చుకోకుండా సంఘటన పేరు మీద పుస్తకం వేశారు. సొంత ఆస్తి భావాన్ని వదులుకున్న పని అది, మనం హర్షించవలసిందే. కాని ఆ ఉమ్మడి పేరులో ఐలమ్మ ఉన్నదా? కమలమ్మ ఉన్నదా? వారి పేర్లు లోపల కథల తలకట్టున ఉన్నాయి. కౌలుదారు పేరు పంట లెక్కలో ఉంటుంది, పట్టాలో ఉండదు. ఐలమ్మ జీవితమంతా దున్నినవారికీ పట్టా ఉన్నవారికీ నడుమ జరిగిన తగాదా కనక ఈ పోలిక నాకు వద్దన్నా తోచింది. అది కటువుగా ఉన్నదని ఎవరైనా అంటే ఒప్పుకుంటాను.

ఐలమ్మ 1985 సెప్టెంబరు 10న చనిపోయింది. పుస్తకం మరుసటి సంవత్సరం వచ్చింది. తన కథ అచ్చులో ఎట్లా ఉన్నదో ఎవరైనా చదివి వినిపిద్దామన్నా వినటానికి ఆమె లేదు. ఇందులో ఎవరి తప్పూ లేదు. కాని అచ్చయిన కథను చెప్పిన మనిషి ముందు పెట్టి, ‘ఇది నీవు చెప్పినట్టే ఉన్నదా?’ అని అడగటం పనిలో ఒక భాగమని మనం అనుకుని ఉంటే, ఆ వెలితి మనకు ఇంకా గట్టిగా తగిలి ఉండేది. నలభై ఏళ్ళలో ఈ పుస్తకం మీద నేను చదివిన మెప్పులలో ఒక్కరైనా ఈ సంగతి ఎత్తిన గుర్తు లేదు. నేనూ ఎత్తలేదు.

స్త్రీవాదుల మీద రాయి వేసి పక్కకు తప్పుకోవటం మన ఉద్దేశం కాకూడదు. వారికంటే ముందు ప్రజలను అడిగినది మనమే, రాసుకున్నది మనమే. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు 1947లో ‘మా భూమి’ నాటకం రాశారు. తెలంగాణా రైతు బతుకును కోస్తా జిల్లాల రచయితలు రంగం మీదికి ఎక్కించారు. ప్రజానాట్యమండలి దాన్ని ఊరూరా ఆడింది, జనం ఊగిపోయారు. ఆ నాటకం పేరులో కూడా ‘మా’ ఉన్నది! ఆ ‘మా’ అబద్ధం కాదు, ఎందుకంటే రచయితలు ఆ పోరాటం వైపు నిలబడ్డారు, ప్రభుత్వం నాటకాన్ని నిషేధించేంతగా నిలబడ్డారు. అయినా వైపు నిలబడటం ఒకటి, మాట అప్పగించటం మరొకటి. సుందరయ్యగారు 1972లో పోరాట చరిత్ర వెలువరిస్తూ వీరవనితలకు ప్రత్యేకంగా ఒక అధ్యాయం ఇచ్చారు. దెబ్బలు తిన్నవారినీ, బలాత్కారాలకు గురైనవారినీ, తుపాకి పట్టినవారినీ పేరు పేరునా తలచుకున్నారు. ఆ అధ్యాయం చదివితే గౌరవం కలుగుతుంది. కాని అందులో స్త్రీలు చేస్తారు, భరిస్తారు, చనిపోతారు, మాట్లాడేది పార్టీ. 1986 పుస్తకం వచ్చినప్పుడు మన శిబిరంలో కొందరు నొచ్చుకున్నారు. ఉద్యమాన్ని పలచన చేశారన్నారు. నిజానికి వారిని నొప్పించింది విషయం కాదు. అడిగే హక్కు మనదే అనుకున్న చోట వేరెవరో అడిగారు, చెప్పినవారు మనతో చెప్పని మాటలు వారితో చెప్పారు.

కమలమ్మ చెప్పిన కథ ఉన్నది. అడవిలో ఉండగా పుట్టిన బిడ్డ ఏడిస్తే దళం పట్టుబడుతుందని ఆ బిడ్డను పరాయివారికి ఇచ్చివేసిన తల్లి ఆమె. ఈ సంగతిని పార్టీ చరిత్రలో రాస్తే త్యాగం అవుతుంది. ఆమె నోట వింటే త్యాగం అన్న మాట చాలదు. ఇది మనకు దక్కింది అడిగిన స్త్రీల వల్లనే. మగవాడు, అందులోనూ నాయకుడు, పోయి అడిగితే ఆమె ఇంత చెప్పేది కాదు. కనక అడిగేవారు ఎవరన్నది చిన్న విషయం కాదు. వారికీ చెప్పేవారికీ మధ్య ఏదో ఒక సాపత్యం ఉండాలి. ఇక్కడ ఆడజన్మ ఆ సాపత్యాన్ని కల్పించింది. కులం, చదువు, పట్నం దాన్ని మళ్ళీ కొంత విడగొట్టాయి. రెండూ నిజమే. మొదటిదాన్ని మాత్రమే చూసినవారు పుస్తకాన్ని నెత్తిన పెట్టుకున్నారు. రెండవదాన్ని మాత్రమే చూసి కొట్టివెయ్యటం కూడా నాకు ఇష్టం లేదు.

ఇంకొక రకం పరిశోధన కూడా మన గడ్డ మీదనే జరిగింది. 1951-52లో ఉస్మానియా విశ్వవిద్యాలయం వారు హైదరాబాదు సమీపాన ఉన్న శామీర్‌పేటకు రకరకాల శాస్త్రాల వారిని పంపారు. ఎస్. సి. దూబే 1955లో దాని మీద ‘ఇండియన్ విలేజ్’ అనే గ్రంథం వెలువరించాడు. మన దేశంలో సామాజిక శాస్త్ర విద్యార్థులు ఇప్పటికీ చదివే గ్రంథమది. కులాలు, పండుగలు, తిండి, పెళ్ళి అన్నీ శ్రద్ధగా రాశాడు. అధ్యయనంతోపాటు వైద్యం, పశువైద్యం, వ్యవసాయ సలహా కూడా ఊరికి అందించాలన్నది ఆ పథకం. ఇది ఉత్త దోపిడీ అని నేనను. కాని సాయం చెయ్యటం భాగస్వామ్యం కాదు. మందు ఇచ్చి మాట పట్టుకుపోవటం ఒక మారకం. ఆ మారకంలో ధర నిర్ణయించేవాడు ఒక్కడే. సాయుధ పోరాటాన్ని విరమించింది కూడా 1951లోనే, అక్టోబరులో. అదే తెలంగాణా పల్లె ఒక పక్క చరిత్రను కదిలించి అలసి కూర్చున్నది, మరొక పక్క శాస్త్రజ్ఞుడి బల్ల మీద కదలని వస్తువుగా పడుకున్నది.

ఇక ‘సముదాయం’ అన్న మాట సంగతి. ఆ మాట నాకు గిట్టదు. పరిశోధకుడు ఊళ్ళోకి వచ్చి మొదట ఎక్కడ దిగుతాడు? పంచాయితీ ఆఫీసులో, లేదా సర్పంచి ఇంట్లో. అక్కడ మంచి కుర్చీ, చల్లని నీళ్ళు దొరుకుతాయి. ఆ వరండాలో చెప్పిందే సముదాయం మాట అవుతుంది. ఊరివారితో సమాన భాగస్వామ్యం అంటే ఊళ్ళో ఏ వర్గంతో? భూమి ఉన్నవాడితోనా, కూలివాడితోనా? ఇద్దరికీ నడుమ తగాదా ఉన్నప్పుడు ఇద్దరితోనూ భాగస్వామ్యం ఎట్లా కుదురుతుంది? ఈ ప్రశ్నను దాటవేసిన పరిశోధన ఎంత వినయంగా నడిచినా చివరికి వరండాలోనే తేలుతుంది.

దీన్ని దాటవెయ్యని ఒక ప్రయత్నం 2001లో జరిగింది. జహీరాబాదు దగ్గర ‘ప్రజాతీర్పు’ అని పేరు పెట్టి, అప్పటి ఆంధ్రప్రదేశ్ వ్యవసాయ భవిష్యత్తు మీద సన్నకారు, చిన్నకారు రైతుల చేత విచారణ జరిపించారు. దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ, మరికొన్ని సంస్థలూ, ఇంగ్లాండు పరిశోధకులూ కలిసి చేసిన పని. జ్యూరీలో ఎక్కువమంది స్త్రీలు. దళితులు, ఆదివాసులు ఉన్నారు. విచారణ సక్రమంగా జరుగుతున్నదా అని చూసే మండలికి సుప్రీంకోర్టు మాజీ న్యాయమూర్తి పి. బి. సావంత్ అధ్యక్షత వహించారు. అధికారులూ, శాస్త్రజ్ఞులూ, కంపెనీల వారూ సాక్షులుగా వచ్చి నిలబడితే ఆ రైతులు ప్రశ్నలు వేశారు. అడిగేవారు, చెప్పేవారు తారుమారయ్యారన్నమాట. పొలం పనిని యంత్రాలకు అప్పజెప్పి జనాన్ని పల్లెలనుంచి తగ్గించే ‘విజన్ 2020’ దారి తమకు వద్దన్నారు. జన్యుమార్పిడి విత్తనాలూ వద్దన్నారు.

మరుసటి సంవత్సరం నివేదిక వెలువడగానే అప్పటి బ్రిటిష్ ప్రభుత్వ అంతర్జాతీయ అభివృద్ధి శాఖ భారత కార్యాలయం పద్ధతినే తప్పుపట్టింది. చంద్రబాబు ప్రభుత్వానికి వారు పెద్ద సహాయకులు. జ్యూరీకి ప్రాతినిధ్యం లేదన్నది ఒక వాదం. ఎంత విచిత్రం! పేదలను పేదలుగా ఎంచుకుంటే పక్షపాతం. వరండాలో కూర్చున్నవాణ్ణి ఊరుగా ఎంచుకుంటే శాస్త్రం. నేను ప్రజాతీర్పులో లోపం లేదనను. జ్యూరీ ముందు పెట్టిన మూడు భవిష్యత్ చిత్రాలూ నిర్వాహకులు తయారు చేసినవే, ఆ నిర్వాహకులకు సొంత అభిప్రాయాలు లేకపోలేదు. మూడింటినీ కలిపి విడగొట్టి రైతులు తమ చిత్రం తాము గీసుకున్నారన్నది నిజమే అయినా, మొదటి గీత వారిది కాదు. కాని అక్కడ ఎవరి వైపునుంచి అడుగుతున్నామో దాచలేదు. నా దృష్టిలో అది పెద్ద ముందడుగు.

ఆ తరువాత రెండేళ్ళకు ఆ సొసైటీకే చెందిన మెదక్ జిల్లా దళిత స్త్రీలు కెమెరాలు పట్టుకుని వరంగల్ జిల్లాకు వచ్చారు. 2002లో మొదటిసారి బీటీ పత్తి వేసిన రైతులు ఎందుకు కోపంగా ఉన్నారో చిత్రం తీశారు. బచ్చన్నపేట అప్పుడు ఆ జిల్లాలోదే. రైతును రైతే అడిగిన సందర్భం అది. వ్యవసాయశాస్త్రం చదివిన పరిశోధకులు అదే పంట మీద చేసిన అధ్యయనానికి అది తోడు నిలిచింది. 2005లో మహికో కంపెనీ బీటీ రకాలు మూడింటికి ఆంధ్రప్రదేశ్‌లో అనుమతి నిరాకరించారు. చిత్రం వల్లనే జరిగిందని ఎవరూ అనలేరు. కాని ఆ కెమెరా స్త్రీశక్తి సంఘటన టేపురికార్డరునుంచి ఎంత దూరం వచ్చిందో ఆలోచించండి. పదిహేడేళ్ళలో యంత్రం చేతులు మారింది.

సాహిత్యంలో కూడా కొంత మారింది. కొండపల్లి కోటేశ్వరమ్మ 2012లో ‘నిర్జన వారధి’ తానే రాసుకున్నది. మల్లు స్వరాజ్యం చెబుతుంటే విమల, కాత్యాయని విని రాసిన ‘నా మాటే తుపాకీ తూటా’ 2019లో స్వరాజ్యం పేరు మీదనే వచ్చింది. రాసినవారు పక్కకు నిలబడ్డారు. పేరు చూడండి, ‘నా’ మాట! 1986లో ‘మన’ అన్నది 2019కి ‘నా’ అయింది. వెనకటి ‘మన’ కంటే ఈ ‘నా’ ఎక్కువ ప్రజాస్వామికమైనదని నాకు అనిపిస్తుంది. కాకపోతే స్వరాజ్యం దళ నాయకురాలు, తుంగతుర్తినుంచి రెండుసార్లు శాసనసభకు ఎన్నికైన మనిషి. తన మాట తన పేరు మీద పోవాలని పట్టుబట్టగల స్థితి ఆమెకు ఉండేది. బచ్చన్నపేట వేపచెట్టు కింది అవ్వకు ఎవరు అట్టమీద పేరు వేస్తారు?

ఆ అవ్వ సంగతి పూర్తిగా చెప్పాలి. చెప్పకుండా ఇతరుల పుస్తకాలను తూకం వెయ్యటం అన్యాయం.

తొంభైకి దగ్గరపడిన మనిషి. మిలిటరీ వచ్చిన నాటికి చిన్నపిల్ల. మూడవసారి మేము పోయినప్పుడు ఆమె చాలా చెప్పింది. ఎవరో చుట్టాన్ని క్యాంపుకు పట్టుకుపోయిన రాత్రి గురించి చెబుతూ చెబుతూ ఆగిపోయింది. దారి చూపించింది ఊరివాళ్ళేనన్నది. ఎవరని మా విద్యార్థి ఒకడు అడిగాడు. ‘‘అది చెప్ప బిడ్డా. ఆయన మనుమలు, నా మనుమలు ఒక్క బడికి పోతున్నరు’’ అన్నది. కాని మాట జారి ఒక ఇంటిపేరు వచ్చింది. వెంటనే, ‘‘అది రాయకుండ్రి’’ అన్నది. మేము రాయలేదు. విద్యార్థి చేతిలో ఫోను మాత్రం పని చేస్తూనే ఉన్నది. అతను దాన్ని నాకు పంపాడు. నేను విన్నాను. చాలా విలువైన సాక్ష్యం అనుకున్నాను. తరగతిలో వినిపించాను, ఇంటిపేరుతో సహా. తరగతి వాట్సాప్ బృందంలోకి కూడా అది పోయింది. ముప్ఫై ఫోన్లలో అది ఉన్నదని నాకు తట్టేసరికి వారం గడిచింది.

భాగస్వామ్యం గురించి ఆ సంవత్సరమే నేను ఒక సభలో ఉపన్యసించాను కూడా.

తీసివెయ్యమన్నాను, తీసివేశామన్నారు. ఎందరు తీసివేశారో ఎవడు చూడబోయాడు? ఆమె దగ్గరికి పోయి చెప్పక తప్పదు అనిపించి పోయాను. విన్నది. చాలాసేపు ఏమీ అనలేదు. తరువాత, ‘‘వచ్చి చెప్పినవు, గంత మంచిదే. గా పిల్లగాండ్లది ఏ ఊరు?’’ అని అడిగింది. ముప్ఫై మందిలో ఈ మండలం వారు ఎవరైనా ఉన్నారా అన్నది ఆమెకు కావలసింది. ఇద్దరున్నారు. ఆ ఇద్దరి ఊళ్ళ పేర్లు చెప్పాను. ఆ ఊళ్ళలో తన చుట్టాలెవరో, ఆ ఇంటిపేరు వారి చుట్టాలెవరో లెక్క వేసుకుంటూ కూర్చున్నది. సాక్ష్యం విలువ నేను ఒక రకంగా కట్టాను, ఆమె మరొక రకంగా కడుతున్నది. ఆమె లెక్కలో దాని ఖరీదు చాలా ఎక్కువ.

2024లో హైదరాబాదు కోఠీలోని మహిళా విశ్వవిద్యాలయానికి చాకలి ఐలమ్మ పేరు పెట్టారు. మంచి పనే. రేపు అక్కడినుంచి పరిశోధక విద్యార్థినులు పాలకుర్తికీ, బచ్చన్నపేటకూ ప్రశ్నపత్రాలతో వస్తారు. వారి గైడు ఏమి రాయించుకుంటాడు, విశ్వవిద్యాలయం ఏ ఫారం మీద వేలిముద్ర వేయించుకుంటుంది అన్నదానితో నాకు పని లేదు. వేలిముద్రలు వేయించుకోవటంలో ఈ ప్రాంతపు దొరలకు కూడా మంచి అనుభవం ఉండేది. ఎత్తి రాసిన కాగితాలు పట్టుకుని వారు రెండవసారి వస్తారా, చదివి వినిపిస్తారా, ‘ఇది తీసెయ్’ అంటే తీసేస్తారా అన్నదే చూడవలసింది. అందుకు సమయం కావాలి, బస్సు ఛార్జీలు కావాలి, ఒక్కొక్కసారి సిద్ధాంత గ్రంథంలో మంచి అధ్యాయం ఒకటి పోతుంది. ఆ నష్టానికి సిద్ధపడని పరిశోధన భాగస్వామ్యం గురించి ఎన్ని పేజీలు రాసినా నేను నమ్మను.

మేము అవ్వ చెప్పింది ఎత్తి రాసి, ఈసారి కాగితం మీద పట్టుకుపోయాం. బీడీలు చుట్టే స్త్రీ కూడా వచ్చి కూర్చున్నది. చదవటానికి రెండు పూటలు పట్టింది. ఇంటిపేరు లేదు, ఆ రాత్రి సంగతి యావత్తూ తీసెయ్యమన్నది, తీసేశాం. పెళ్ళి గురించి మేము రాసినది విని నవ్వి, ‘‘నేనట్ల అన్ననా?’’ అన్నది, అన్నావని విద్యార్థులు, అనలేదని ఆమె. ఆమె మాటే ఉంచాం. ఒకచోట మాత్రం ఆపి, మేము ‘ఊరి బావి’ అని రాసినదాన్ని ఒప్పుకోలేదు. ఆ బావి ఊరిది కాదట. ఎవరు తవ్వించారో, ఏ కులంవారిని నీళ్ళు చేదుకోనియ్యలేదో, ఎప్పటినుంచి చేదుకోనిచ్చారో చెప్పి అదంతా రాయమన్నది. రాసుకుంటుంటే బీడీల స్త్రీ అడ్డం వచ్చి, చేదుకోనిచ్చిన సంవత్సరం అది కాదన్నది. ఇద్దరూ వాదించుకున్నారు. ఆ సంవత్సరం దగ్గర ఇంకా ఖాళీ ఉన్నది.